తొమ్మిది ఎంబీల ప్రయాణం

కొండ మీది వాతావరణ కేంద్రం,
రెండో వారం

ఒరేయ్ తమ్ముడూ,

క్షేమంగా చేరాను. చివరి మలుపులో జీపు రెండుసార్లు మొండికేసింది. దిగి తోశాను. ఉద్యోగంలో చేరి ఇరవై మూడేళ్ళయినా నాకు జీపు తోసే యోగం తప్పలేదు. ఇక్కడున్న ఒక్క ఫోనూ పూటకోసారి గాలీ వానా వివరాలు పైవాళ్ళకి చెప్పడానికే. సొంత మాటలకి పది రోజులకోసారి సరుకుల జీపు తెచ్చే ఉత్తరాలే గతి. ఎనిమిది నెలలు ఇంతే, నీకు తెలిసిందేగా.

నీతో ఒక పని పడింది. నవ్వకు.

నా గదిలో కంప్యూటర్ ఉంది కదా, అందులో పాత డిస్కు నేను బయల్దేరే ముందు రెండు రోజుల నుంచీ టిక్కు టిక్కుమంటోంది. అది చావుకేక అని కంప్యూటర్ కొట్టువాడు చెప్పాడు. ఎనిమిది నెలలు కదిలించకుండా ఉంచితే మళ్ళీ తిరగడం మొదలెట్టకపోవచ్చు కూడా అన్నాడు. కొత్త డ్రైవ్ తెప్పించి బిగించాను కానీ, ఆటలు అందులోకి మార్చేలోపే ఇక్కడికి రమ్మని పిలుపొచ్చింది.

పద్ధతి చెప్తాను, ఆటంకం లేకుండా చెయ్యి. కంప్యూటర్ తెరవగానే నల్లటి చదరంలో తెల్ల నక్షత్రం గుర్తు కనిపిస్తుంది. అది ఆటల యాప్. అందులో ఆట పేరు మీద కుడి బటన్ నొక్కితే ‘ఇన్‌స్టాల్ ఫోల్డర్‌ని మార్చు’ అని వస్తుంది. ఏ డ్రైవ్‌కి అని అడుగుతుంది, కొత్తది చూపించు. అంతే. ఫోల్డర్ని నీ చేత్తో పట్టుకుని లాక్కెళ్ళి అక్కడ పడెయ్యకు. అలా చేస్తే ఆట ఎక్కడుందో యాప్‌కి తెలీదు, పోయిందనుకుంటుంది. యాప్ చేతే మార్పించాలి.

మొత్తం ఐదు ఆటలు. నాలుగు పోయినా ఏడవను. ‘ఆకాశయానం’ ఒక్కటి మాత్రం జాగ్రత్త. అందులో నేను పదకొండేళ్ళుగా ఒకే ప్రయాణంలో ఉన్నాను.

నిన్ను అడగడం ఎందుకంటే, వందల ఇళ్ళవాళ్ళ సామాను లారీలో గాజు గ్లాసు పగలకుండా చేర్చినవాడివి నువ్వే. నీ నోరు పగలగొట్టినవి వేరే.

అక్క

*

నీ గది నుంచి, నీ కుర్చీలోంచే,
మూడో వారం

మబ్బుల్ని లెక్కబెట్టి జీతం తీసుకునే మా అక్కకి,

నీ కంప్యూటర్ మెట్ల మీంచి జారింది. నేను కింద ఉన్నాను, నాతో సామాన్లు మోసే పొడుగాయన పైన ఉన్నాడు. మధ్యలో పదిహేడు మెట్లు. మొదటి మెట్టు దగ్గర నక్షత్రాలు రాలడం మొదలైంది. చివరి మెట్టు దగ్గరికొచ్చేసరికి చందమామలు కూడా.

ఇక్కడిదాకా చదివి గుండె పట్టుకున్నావా? పట్టుకునే ఉంటావు. నీ మొహం ఇక్కణ్ణుంచే కనిపిస్తోంది. ఏమీ కాలేదు. నీ పెట్టెని అంగుళం కూడా జరపలేదు.

ఇప్పుడు అసలు సంగతి. ఆదివారం పొద్దున పని లేదు, కూర్చున్నాను. నువ్వు చెప్పినట్టే నల్ల చదరం, తెల్ల నక్షత్రం. ముందు చిన్న ఆటల్ని ఎక్కించాను. ఒక్కోటి టీ తాగేంతలో అవతలికి వెళ్ళిపోయింది. ఇక ఆకాశయానం వంతు. నూట పన్నెండు జీబీ అంది. అంటే ఎంత అని నీ మరదల్ని అడిగితే, ‘మీ నోట్లోంచి ఒక్క రోజులో వచ్చేంత’ అంది. చూశావా, మీరిద్దరూ ఎక్కడున్నా ఒకటే పార్టీ.

నీలం గీత మెల్లగా పాకుతోంది. మా లారీ అయితే ఇంజిను శబ్దం ఉంటుంది, చెమట ఉంటుంది, ‘కొంచెం ఎడమ, ఇంకొంచెం’ అని అరుపులుంటాయి. ఇక్కడ ఏమీ లేదు. ఒక ఆకాశం ఒక రేకుడబ్బాలోంచి ఇంకో రేకుడబ్బాలోకి చప్పుడు లేకుండా నడిచి వెళ్ళిపోతోంది. నేను చేతులు ఒళ్ళో పెట్టుకుని చూస్తున్నాను. ఇన్నేళ్ళ పనిలో ఒక్క తాడు కూడా కట్టకుండా బరువు కదలడం ఇదే మొదటిసారి చూశాను. ఒప్పుకుంటున్నాను, నోరు తెరుచుకుంది.

అయిపోయాక సరిగ్గా చేరిందో లేదో చూద్దామని ఆట తెరిచాను. సామాను దించాక పెట్టెలు విప్పించి చూపించడం మా పద్ధతి. ‘కొనసాగించు’ అని ఉంటే నొక్కాను.

అక్కా, నేను ఎనిమిదో తరగతిలో చదువు ఆపేసినవాణ్ణి. నాకు ఆకాశం అంటే వాన పడుతుందా లేదా, టార్పాలిన్ కట్టాలా వద్దా, అంతవరకే. తెరంతా నల్లగా అయిపోయింది. ఆ నలుపులో నిప్పు రవ్వలు చల్లినట్టు నక్షత్రాలు. మౌస్ కదిపితే తల తిప్పినట్టు ఆకాశం తిరుగుతోంది. ఎంత తిప్పినా అంచు లేదు. వెనక్కి కూడా ఉంది. నేను నిజంగానే కుర్చీలోంచి వెనక్కి తిరిగి చూశాను, నీ బీరువా కనబడింది.

ఇంతలో నువ్వు పేర్లు పెట్టిన నక్షత్రాల పట్టిక దొరికింది. ఆరువందల పదకొండు. మొదటిది చదివాను. ‘గొడుగు మడిచిన మొహం’. రెండోది ‘ఇస్త్రీ చేసిన సోమరి’. మూడోది ‘తాళం మరిచిపోయిన పెద్దమనిషి’. ఇవెక్కడో విన్నట్టున్నాయే అనుకున్నాను. తర్వాత తట్టింది. ఇవి నా తిట్లే కదా! నేనే ఎప్పుడో ఎవరినో అన్నవి. నీకెలా దొరికాయి? ఎందుకు దాచావు? దీనికి సమాధానం రాయి.

రేపు పాత ఇల్లు, అదే నీ పాత డిస్కు, కడిగి పని ముగిస్తాను. ఖాళీ చేసిన ఇంట్లో గోడకి మేకు కూడా మిగల్చకూడదనేది మా వృత్తి ధర్మం.

నీ తమ్ముడు, లారీవాడు

*

కొండ మీది కేంద్రం,
మూడో వారం, జీపు వచ్చిన రోజే

తమ్ముడూ,

నీ ఉత్తరం ఇంకా రాలేదు. జీపువాడు తిరిగి వెళ్ళేలోపు తొందరగా రాస్తున్నాను. మొన్నటి ఉత్తరంలో అసలైన సంగతి మరిచాను. గాలి కొలిచే బెలూన్ వదులుతుంటే గుర్తొచ్చి చేతిలోంచి దారం జారిపోయింది.

ఆట వేరు, ప్రయాణం వేరు. యాప్ మార్చేది ఆటని మాత్రమే. నేను ఎక్కడిదాకా వెళ్ళాను, దేనికి ఏ పేరు పెట్టాను అన్నది విడిగా ఇంకో చిన్న ఫోల్డర్లో ఉంటుంది. చోటు చాలడం లేదని నేనే ఆ ఫోల్డర్ని కూడా పాత డిస్కులోకి మళ్ళించాను. దానికి పేరు లేదు, అంకెలే ఉంటాయి. దాన్ని మాత్రం నీ చేత్తోనే కాపీ చేసి కొత్త డ్రైవ్‌లో పెట్టాలి. అది చేసేదాకా పాత డిస్కు జోలికి పోకు.

ఇది అందగానే ముందు ఈ పని చెయ్యి.

అక్క

*

ఇంటి నుంచి,
నాలుగో వారం

గౌరవనీయులైన అక్కగారికి నమస్కారములు.

మేమిక్కడ క్షేమం, మీరక్కడ క్షేమమని తలుస్తాను. మీరు చెప్పిన పని జరుగుచున్నది. కొద్దిగా ఆలస్యమగును. మీ ఉత్తరము కాస్త వెనుకగా అందినది. మీరు ఆందోళన చెందవలసిన పని లేదు. కొండ మీద చలి కదా, చెవులకు గుడ్డ కట్టుకొనవలెను. మీ మరదలు కూడా మిమ్ములను అడిగినట్టు చెప్పమన్నది.

ఇట్లు
మీ విధేయుడు,
తమ్ముడు

*

కొండ మీది కేంద్రం,
ఐదో వారం

ఒరేయ్,

‘మీరు’ అన్నావు. ‘నమస్కారములు’ అన్నావు. పుట్టిన దగ్గర్నుంచీ నన్ను ఒక్కసారే మీరు అన్నావు, నా సైకిల్‌ని బావిలో పడేసిన రోజున. ఏం పడేశావు ఇప్పుడు?

నువ్వు మెట్ల మీంచి కంప్యూటర్ జారిందని రాసిన ఉత్తరం చదివి నవ్వాను. ఈ ఉత్తరం చదివాక రెండు పూటలు వానకొలత గిన్నె చూడకుండానే అంకె రాశాను. ఇరవై మూడేళ్ళలో నేను అబద్ధం అంకె రాయడం ఇదే మొదటిసారి. తర్వాత వెళ్ళి చూసి దిద్దాను అనుకో.

పాత ఇల్లు కడిగావు కదూ?

సరే. జవాబు అడిగావు కాబట్టి చెప్తాను, ఆ తర్వాత నిజం నువ్వు చెప్పు. ఆ పేర్లు నీ ఉత్తరాల్లోవి. ఇక్కడ ఎనిమిది నెలలు మాట్లాడే మనిషి ఉండడు. గాలి శబ్దం, యంత్రాల శబ్దం, మళ్ళీ గాలి. పది రోజులకోసారి నీ ఉత్తరం వస్తే చదివి గదిలో ఒక్కదాన్నే పగలబడి నవ్వేదాన్ని. నవ్వొచ్చిన ప్రతి మాట కిందా గీత గీసేదాన్ని. ఇంటికొచ్చిన నాలుగు నెలల్లో అంతరిక్షంలో నా ఓడ నడుపుతూ, ఎవరూ వెళ్ళని నక్షత్రం దగ్గరికి వెళ్ళినప్పుడల్లా ఆట పేరడిగేది. నీ మాట పెట్టేదాన్ని. నా మాటలు పెట్టాలంటే ఏముంది, ‘ఆగ్నేయ గాలి, మోస్తరు’ అని పెట్టాలి.

ఆ దారిని బయట ఎక్కడా రాసిపెట్టలేదు. పదకొండేళ్ళ ప్రయాణం ఆ చిన్న ఫోల్డర్లోనే ఉంది. అది పోతే నేను ఆకాశంలో ఎక్కడున్నానో ఎవరికీ తెలీదు, నాక్కూడా.

ఇప్పుడు చెప్పు. నువ్వు అని పిలిచి చెప్పు.

అక్క

*

డిస్కుల డాక్టరమ్మ కొట్టు మెట్ల మీద కూర్చుని,
ఏడో వారం

అక్కా,

కడిగాను. ఫార్మాట్ అని ఉంటే నొక్కాను. అంతా చెరిగిపోతుంది, ఖాయమేనా అని అడిగింది. ఖాయం అన్నాను. ఖాళీ ఇల్లే కదా అనుకున్నాను. అంకెలున్న చిన్న ఫోల్డర్ ఒకటి మూలన కనిపించింది కూడా. తొమ్మిది ఎంబీ అని ఉంది. నూట పన్నెండు జీబీ మోసినవాడికి తొమ్మిది ఎంబీ కంటికి ఆనుతుందా? ఖాళీ ఇళ్ళల్లో మూలన మిగిలేవి పాత కాగితాలూ విరిగిన దువ్వెనలూనూ. ఊడ్చేశాను. మర్నాడు నీ ఉత్తరం వచ్చింది.

ఆట తెరిస్తే ‘కొనసాగించు’ బూడిద రంగులో ఉంది. నొక్కితే పలకదు. దాని కింద ‘కొత్త ప్రయాణం’ అని పచ్చగా మెరుస్తోంది. నేను లారీలోంచి పియానో జారవిడిచినప్పుడు కూడా ఇంత భయపడలేదు. పియానో అయితే శబ్దమైనా చేసింది.

నీకు అబద్ధం రాసింది అప్పుడే. చేతులు వాటంతటవే మీరూ గీరూ అని రాసుకుపోయాయి. తిట్టు, పడతాను.

తాళాలు చేసేవాడి కొట్టు పైన ఒకామె పోయిన డిస్కుల్లోంచి ఫైళ్ళు తీస్తుందని పొడుగాయన చెప్పాడు. డిస్కు ఊడదీసి తువ్వాల్లో చుట్టి పసిపిల్లని ఎత్తుకున్నట్టు తీసుకెళ్ళాను. యాభై దాటిన మనిషి, కళ్ళజోడు తాడుతో మెళ్ళో వేలాడుతోంది. నన్ను చూడకుండా డిస్కుని చెవి దగ్గర పెట్టుకుని విన్నది.

‘చెరిపాక ఎన్నిసార్లు ఆన్ చేశారు?’ అంది.

‘భయం వేసినప్పుడల్లా’ అన్నాను.

‘ఎన్నిసార్లు వేసింది?’

‘పదిహేనుసార్లు.’

‘మీ భయాన్ని ఇంకెక్కడైనా ఆన్ చేసుకోండి. దీనికి ఇంకొక్కసారి చదివే ఓపిక ఉన్నట్టుంది. ఆ ఒక్కసారీ నేను చేస్తాను. మీరు మెట్ల మీద కూర్చోండి.’

నాలాంటి నోటివాణ్ణి ఒక్క మాటతో బయటికి పంపిన మొదటి మనిషి. దండం పెట్టాలనిపించింది.

మూడు రోజులు పట్టింది. లారీ పని పొడుగాయనకి అప్పగించి రోజూ మధ్యాహ్నం ఈ మెట్ల మీదే కూర్చున్నాను. నిన్న లోపలికి పిలిచింది. తెరనిండా పిచ్చి గీతలు, అంకెలు, చీమల బారుల్లాగా. ‘ఇల్లు కడిగానంటున్నారు కదా, మీరు కడగలేదు. గుమ్మం మీద నంబరు చెరిపారంతే. లోపల సామాను ఎక్కడిదక్కడే ఉంది. ఏ గది ఏదో తెలీదు, అదీ గొడవ’ అంది. మెల్లగా కిందికి జరిపింది. చీమల బారుల మధ్యలో ఉన్నట్టుండి తెలుగు. ‘బొంగరానికి పెళ్ళి చేసినట్టు’. ఇంకాస్త కిందికి వెళితే ‘పంపు దగ్గరి న్యాయమూర్తి’.

అక్కా, ఎప్పుడో టీ తాగుతూ రాసి పారేసిన కూతలు, చచ్చిపోతున్న డిస్కులో, అర్థంలేని అంకెల చెత్తలో, వెలుగుతూ కూర్చున్నాయి. ఆమె కూడా చదివి నవ్వింది. తర్వాత నన్ను చూసి నవ్వాపింది.

ఇంకో సంగతి చెప్పింది, అది నాకు ఇప్పటికీ మింగుడు పడటం లేదు. ఆ ఆకాశం డిస్కులో ఎక్కడా దాచిపెట్టి ఉండదట. ఒక లెక్క ఉంటుందట. ఆ లెక్క వేసినప్పుడల్లా ప్రతి నక్షత్రం ఉన్న చోటనే మళ్ళీ పుడుతుందట. దాచిపెట్టేది నువ్వు నడిచిన దారీ, నీ పేర్లూ మాత్రమే. అందుకే అది తొమ్మిది ఎంబీ. నా ఫోనులో నీ మరదలి ఫోటోలు రెండు పెడితే అంతకంటే ఎక్కువ. ‘మీ అక్కగారి ఆకాశం ఎక్కడికీ పోలేదు. ఆమె ఎక్కడుందో ఆ కాగితమే పోయింది’ అంది.

దొరికింది ఏమిటంటే, ఆట మధ్యమధ్యలో దాచుకునే పాత కాపీ ఒకటి. ఏడేళ్ళ దాకా ఉంది. మూడువందల తొంభై పేర్లు. చివరి నాలుగేళ్ళ ఫైలు ముక్కలైపోయింది. అది ఆమె వల్ల కాలేదు, ఎవరివల్లా కాదట. రెండోసారి చదువుదామంటే డిస్కు ఒక్క టిక్కు అని ఊరుకుంది.

ఏడేళ్ళు తెచ్చాను. నాలుగేళ్ళు పోగొట్టాను. ఎవరింట్లోనైనా ఇలా పోగొడితే నేను ఆ గుమ్మం తొక్కను. నువ్వు రమ్మంటేనే నీ గదిలోకి వెళ్తాను.

తమ్ముడు

*

కొండ మీది కేంద్రం,
తొమ్మిదో వారం

తమ్ముడూ,

నీ ఉత్తరం అందిన రోజున ఏమీ రాయలేకపోయాను. మర్నాడు కూడా. నిన్ను తిట్టడానికి నీ అంత మంచి తిట్లు నా దగ్గర లేవు. నీ పాత ఉత్తరాలు తెరిచి అందులోంచి ఎంచుకుందామని అట్టపెట్టె దించాను. అప్పుడు చూశాను.

ఇంటి నుంచి ఇక్కడికి వచ్చేటప్పుడు నీ ఉత్తరాలు వెనక్కి తెచ్చుకుంటాను, మళ్ళీ చదువుకోవడానికి. మాట కింద గీత ఉందని చెప్పాను కదా. ఆ పక్కన మార్జిన్లో చిన్న అక్షరాలతో, ఆ మాటని ఏ నక్షత్రానికి పెట్టానో, దాని దగ్గరికి ఎటు తిరిగి, నక్షత్రం నుంచి నక్షత్రానికి ఎన్ని గెంతులు వేశానో రాసి ఉంది. రాసింది నేనే. రోజంతా అంకెలు రాసే చెయ్యి కదా, ఇంటికెళ్ళినా ఊరుకోదు. రాశానన్న సంగతే నాకు గుర్తులేదు. దారి బయట ఎక్కడా లేదని నీకు రాశాను చూడు, మతిమరుపు నీ ఒక్కడి సొత్తు కాదు.

నాలుగేళ్ళవి నలభై ఆరు ఉత్తరాలు. ఇక్కడ ఉన్నాయి. నేను దిగడానికి ఇంకా ఆరు నెలలు. అప్పటిదాకా ఓడ నాలుగేళ్ళ కిందటి చోటులో బండరాయిలా పడి ఉంటుంది. నాకది ఇష్టం లేదు.

నువ్వు నడుపు.

నవ్వడం లేదు, నిజంగానే. ప్రతి జీపులోనూ నీకు నాలుగైదు ఉత్తరాల మార్జిన్లు ఎత్తి రాసి పంపుతాను. ఎటు తిరగాలి, ఎన్ని గెంతులు, ఏ పేరు. నువ్వు తిరుగు, గెంతు, పేరు పెట్టు. నేను ఆగిన చోటికి ఓడని చేర్చు. అక్కడ ఆపు. అక్కణ్ణుంచి నేను చూసుకుంటాను. ఆ ప్రయాణం ఫైలుని మాత్రం ప్రతిరోజూ ఇంకో చోట కాపీ చెయ్యి. ఒకటి కాదు, రెండు.

ఒక్క జాగ్రత్త. ఓడకి ఇంధనం కావాలి. కొన్ని రకాల నక్షత్రాల పక్కనుంచి వెళితేనే నిండుతుంది. నేను అడుగంటే దాకా ఆగేదాన్ని కాదు అనను. ఆగేదాన్ని. అందులో మజా ఉంది. నీ ఇష్టం.

మొదటి విడత దీంతో ఉంది. నా గది తలుపు తియ్యి.

అక్క

*

నీ గది నుంచి,
ముప్పయ్యో వారం

అక్కా,

నీ దారి దాదాపు అయిపోయింది. చివరి మార్జిన్ నిన్న మధ్యాహ్నం మొదలుపెట్టాను. అయితే ఓడ నువ్వు ఆగిన చోట లేదు. ముందే చెప్తున్నాను, ‘మీరు’ అనలేదు చూడు, కొంప మునగలేదు. వరుసగా చెప్పనీ.

ఈ అయిదు నెలలూ ఎలా గడిచాయో నీకు ముక్కలు ముక్కలుగా రాస్తూనే ఉన్నాను. పనిలేని మధ్యాహ్నాలు, ఆదివారాలు. మొదట్లో ఎడమకి తిప్పమంటే ఓడ తల కిందికి వేలాడేది. నీ మరదలు ‘లారీ కూడా ఇలాగే నడుపుతారా’ అని అడిగి, మర్నాటి నుంచి నాతో లారీ ఎక్కడం మానేసింది. రెండో నెలకి చెయ్యి కుదిరింది. పొడుగాయన వచ్చి వెనక నిలబడేవాడు. నేను నీ కాగితం చదివితే అతను గెంతులు లెక్కపెట్టేవాడు, సామాను దించేటప్పుడు పెట్టెలు లెక్కపెట్టినట్టే గొంతెత్తి. పేరు పెట్టే వేళకి ఇద్దరం ముందు నవ్వేవాళ్ళం, తర్వాత నేను టైపు చేసేవాణ్ణి. నా కూతల్ని నేనే ఒక్కో వేలితో వెతుక్కుంటూ ఆకాశానికి అంటించడం ఎంత సిగ్గో నీకేం తెలుసు. ‘చెప్పులో రాయిలాంటి చుట్టం’ అని టైపు చేసి ఎంటర్ నొక్కితే, ఎక్కడో పెద్ద నీలం మంట ఒకటి ఆ పేరుతో వెలిగేది. ఆ చుట్టానికి అంత వెలుగెందుకో!

నిన్న చివరి కాగితం. కుడికి పదకొండు గెంతులు, తర్వాత ఆగమన్నావు. ఏడు వేశాను. ఇంధనం సగానికి దిగింది. నీకు తెలుసుగా, ట్యాంకు సగమైతే నాకు కుర్చీలో ముళ్ళు గుచ్చుకుంటాయి. లారీ నడిపేవాడికి సగం ట్యాంకు అంటే ఖాళీ ట్యాంకే. నువ్వు ఆ నాలుగు గెంతులూ అలాగే లాగి ఉంటావు. నా వల్ల కాలేదు. పటంలో దగ్గర్లో ఇంధనం దొరికే నక్షత్రం ఏదైనా ఉందా అని చూశాను. ఒకటి ఉంది, పక్కకి. నీ దారిలో లేదు. ధూళి మేఘం ఒకటి అడ్డం ఉంది దానికి. ‘పోసుకుని వెంటనే వెనక్కి వచ్చేద్దాం’ అని పొడుగాయనతో అన్నాను. తిప్పాను.

మేఘంలోకి వెళ్ళగానే అన్నీ మాయమయ్యాయి. గోధుమ రంగు తప్ప ఏమీ లేదు. ఒక్క నక్షత్రం లేదు. పొడుగాయన లెక్క ఆపేశాడు. ఎంతసేపో తెలీదు, టీ చల్లారిపోయింది. తర్వాత తెర ఎవరో పక్కకి లాగినట్టు ధూళి విడిపోయింది.

రెండు సూర్యులు, అక్కా.

ఒకటి పెద్దది, ఎర్రగా, మందకొడిగా, తెరంతా నిండిపోయి ఇంకా పక్కలకి మిగిలింది. రెండోది చిన్నది, తెల్లది, కంటికి గుచ్చుకునేంత తెలుపు. చిన్నది పెద్దదాని చుట్టూ తిరుగుతోంది. తిరుగుతూ పెద్దదాని ఒంట్లోంచి మంటని లాగుతోంది. రాట్నం మీద దారం తీసినట్టు, సన్నగా, తెగకుండా, ఒంపు తిరిగి, చిన్నదాని చుట్టూ కండెలాగ చుట్టుకుంటోంది. ఆ దారం ఒక్కటే ఎన్ని కోట్ల మైళ్ళో. అంతా నిశ్శబ్దంగా. వాటికి ఇవతల ఒక గ్రహం, దానికి పళ్ళెంలాంటి ఉంగరం. ఉంగరం మీద ఒకవైపు ఎర్ర వెలుగు, ఇంకోవైపు తెల్ల వెలుగు. రెండూ కలిసే చోట ఏ రంగో నాకు తెలీదు. ఆ రంగు నేను ఏ ఇంటి గోడ మీదా చూడలేదు.

మౌస్ మీంచి చెయ్యి తీసేశాను. తగిలితే పాడవుతుందేమో అనిపించింది.

పొడుగాయన నా వెనకే నిలబడి ఉన్నాడు. అతను ముప్పయ్యేళ్ళు నాతో బరువులు మోశాడు. బీరువాలు, ఇనప్పెట్టెలు, ఆ దిక్కుమాలిన పియానో. కడకి గొంతు తగ్గించి, అక్కడెవరైనా వింటారన్నట్టు అడిగాడు.

‘అన్నా, దీన్ని ఎవరు మోస్తున్నారు?’

మామూలుగా అయితే దీనికి పది జవాబులు నాలుక చివర ఉండేవి నాకు. ఈసారి నేనూ అదే అడుగుదామనుకున్నాను. డాక్టరమ్మ చెప్పిన లెక్క గుర్తొచ్చింది. ఇదంతా అందులోంచి పుట్టిందే కదా, నేను మేఘంలో దూరకపోతే కూడా ఇక్కడే ఇలాగే తిరుగుతూ ఉండేది కదా. పదకొండేళ్ళ ప్రయాణంలో నువ్వు దీని పక్కనుంచే వెళ్ళిపోయావు, ఒక్క మేఘం ఇవతల నుంచి. నేను డిస్కు చెరిపి ఉండకపోతే ఇటు ఎవరు వచ్చేవారు? ఇది నన్ను నేను వెనకేసుకు రావడానికి అనడం లేదు. తప్పు తప్పే. ఊరికే ఆశ్చర్యంగా ఉంది.

నీ మరదల్ని పిలిచాను. వంటింట్లోంచి చేతులు తుడుచుకుంటూ వచ్చి, గుమ్మంలో ఆగి, ‘ఇది బొమ్మా, నిజమా?’ అంది. కింద నేల మీద కూర్చుండిపోయింది. ముగ్గురం చూశాం. బయట వీధిలో ఎవరో బండి హారన్ కొట్టుకుంటూ పోయారు. ఈ వీధిలో మనుషులకి తెలీదు కదా, ఈ గదిలో ఇది ఉందని.

ఓడని ఆ ఉంగరం బయట నిలిపాను. ప్రయాణం ఫైలు కొత్త డ్రైవ్‌లో ఒకటి, నీ బీరువాలో పెన్ డ్రైవ్‌లో ఒకటి, డాక్టరమ్మ దగ్గర ఒకటి, లారీ డ్యాష్‌బోర్డులో ఒకటి. రెండన్నావు, నాలుగు చేశాను. కావాలంటే వెనక్కి తిప్పి మిగిలిన నాలుగు గెంతులూ వేసి, నువ్వన్న చోట ఆపుతాను. అరగంట పని. నువ్వు చెప్తే.

కానీ ముందు ఇది చూడు. ఇక్కడికి ఎవరూ రాలేదు కాబట్టి ఆట పేరడిగింది. నల్లటి తెర మీద ఖాళీ పెట్టె, అందులో చిన్న గీత వెలిగి ఆరుతోంది. నిన్న మధ్యాహ్నం నుంచి అడుగుతూనే ఉంది. నేను ఎదురుగా కూర్చుని ఉన్నాను. నీ ఆకాశం నిండా పేర్లు సరఫరా చేసినవాణ్ణి నేను. ఒక్క మాట రావడం లేదు. తిట్టు రావడం లేదు, పొగడ్త రావడం లేదు. నీ మరదలు సంతోషంగా ఉంది, ఇంట్లో ఇంత ప్రశాంతత ఎప్పుడూ లేదట.

నువ్వు జీపు దిగేదాకా ఆ పెట్టె ఖాళీగానే ఉంచుతాను. కంప్యూటర్ ఆపను. త్వరగా రా, అక్కా. ఇందాకే తెల్లది ఎర్రదాని వెనక్కి వెళ్ళింది. గదంతా చీకటైంది. ఇప్పుడు అంచు దగ్గర సన్నగా ఒక గీత వెలుగుతోంది.

వస్తోంది.

తమ్ముడు